కవరులో పడ్డ ఓటు

మొన్నటి ఎన్నికల రోజున, మరాఠీ బొగ్గుగనుల ప్రాంతంలోని దుర్గాపూర్‌లో, మా ఇంటికి దగ్గరున్న బడికి ఓటు వేయడానికి వెళ్ళాను. పొద్దున్నే వెళితే వరుస చిన్నగా ఉంటుందనుకున్నాను. అరవై దాటిన వాళ్ళందరం అలాగే అనుకుని వచ్చినట్టున్నాం, అక్కడ మోకాళ్ళ నొప్పుల సంఘం సమావేశం జరుగుతున్నట్టుంది. అయినా వరుస మెల్లగా కదిలింది. గది గుమ్మం దాకా వచ్చేసరికి నా ముందు ఒక్క అమ్మాయి మిగిలింది. ముప్పై ఏళ్ళుంటాయి. మెడలో బట్టల దుకాణం వాళ్ళిచ్చే గుర్తింపు కార్డు వేలాడుతోంది, పనికి వెళ్తూ మధ్యలో ఆగినట్టుంది. లోపలి ఉద్యోగి జాబితా మీద స్కేలు జరుపుకుంటూ పోయి ఒకచోట ఆగాడు. ఆమెను చూశాడు, జాబితా చూశాడు, మళ్ళీ ఆమెను చూశాడు. ఆ తర్వాత, పెళ్ళిలో ఆఖరి బంతికి అప్పడాలు అయిపోయాయని చెప్పేవాడంత మర్యాదగా, మరాఠీలో, "తాయీ, మీ ఓటు పడిపోయింది" అన్నాడు.

"ఎట్ల పడ్డది? నేన్ ఇప్పుడే వస్తున్న గద!" అంది ఆ అమ్మాయి. కంగారులో తెలుగులోనే అనేసి, తేరుకుని మరాఠీలో అడిగింది. అతను రిజిస్టరు తిప్పి చూపించాడు. ఆమె నంబరు ఎదురుగా ఎవరిదో సంతకం. ఆమె ఎడమచెయ్యి ఎత్తి చూపించింది, వేలి మీద సిరా చుక్క లేదు. ఫొటో కార్డులొచ్చి, మెషీన్లొచ్చి, ఇన్నేళ్ళయ్యాక కూడా ఇదేనా! వెనకనుంచి "చలో, చలో" అంటున్నారు. ఆ అమ్మాయి కళ్ళు తుడుచుకుని వెనక్కి తిరగబోతుంటే నేను గుమ్మంలోంచే, "సార్, ఆమెకు టెండర్ ఓటు ఇవ్వండి, తమ ఓటు వేరేవాళ్ళు వేసేసినవాళ్ళకు ఇచ్చేది. మీ నిబంధనల పుస్తకంలో ఉంటుంది, చూడండి" అన్నాను. ముప్పై ఏళ్ళు మరాఠీ బడిలో పాఠాలు చెప్పిన గొంతు ఇది. ఇంట్లో తిట్టడానికి తెలుగు, బయట భయపెట్టడానికి మరాఠీ వాడుతుంటాను. వాళ్ళు పుస్తకం తిరగేశారు. కాసేపటికి ఆమెకొక కాగితం బ్యాలెట్ ఇచ్చారు. ఆమె చాటుకు వెళ్ళి గుర్తు వేసి తెచ్చిస్తే, పెట్టెలో కాకుండా ఒక కవరులో వేసి పక్కన పెట్టుకున్నారు.

నా ఓటు వేసి బయటికొచ్చేసరికి ఆ అమ్మాయి గేటు దగ్గర ఆగి ఉంది. "మేడం, గా ఓటు లెక్కల వస్తదా?" అని అడిగింది. రాదని చెప్పాను. ఎవరైనా కోర్టుకెక్కి, కోర్టు తెరవమంటే తప్ప ఆ కవరు తెరవరు. "మరి గిట్ల ఒకటి ఉంటదని మీకెట్ల ఎరుక?" అంది. ఎట్ల ఎరుకంటే, నలభై తొమ్మిదేళ్ళుగా నేను చెప్పుకుని నవ్వుకునే కథ ఒకటుంది. బడిలో భోజనాల గంటలో చెప్పాను, పెళ్ళిళ్ళలో చెప్పాను, మా కోడలికైతే రెండుసార్లు చెప్పాను. ఆ గేటు దగ్గర నిలబడి ఇంకోసారి చెప్పాను.

నేను పుట్టి పెరిగిన ఘుగ్గుస్‌లో గని వాళ్ళ క్వార్టర్లు వరుసగా ఉండేవి, మేం లైను అనేవాళ్ళం. మా లైను మొత్తం తెలుగు జిల్లాలనుంచి బొగ్గు పనికి వచ్చినవాళ్ళే. మాకు రెండు గుమ్మాల అవతల మంథని పెద్దమ్మ ఉండేది. చుట్టరికం ఏమీ లేదు, లైనులో పెద్దవాళ్ళందరూ పెద్దమ్మలూ చిన్నమ్మలే. ఎవరిది ఏ పుట్టినూరో ఆ ఊరి పేరుతో పిలిచేవాళ్ళం. మంథని పెద్దమ్మ, గోదావరిఖని చిన్నమ్మ, అలా. ఆమె రైలు డబ్బాల్లోకి తట్టతో బొగ్గెత్తే పని చేసేది. సన్నగా, పొడుగ్గా, నడుస్తుంటే కొంగు గాలికి ఎగిరేది. పని దిగి వచ్చి నల్లా దగ్గర ముఖం కడుక్కుంటే నీళ్ళు మూడోసారికి గానీ తెల్లబడేవి కాదు. మాకు చింతచిగురు దొరికినా ఆమెకో గిన్నె, ఆమె చేపలు వండినా మాకో గిన్నె. ఆమె చేపల పులుసు వాసన వస్తే మా నాన్న ఏదో పని కల్పించుకుని అటువైపు నడిచేవాడు.

మా మేనమామ ముకద్దం, అంటే ఆ బొగ్గెత్తే కూలీల ముఠాకు పెద్ద. ఎన్నికలొస్తే ముందురోజు సాయంత్రం లైనంతా తిరిగి ఆడవాళ్ళ ఓటు చిట్టీలన్నీ పోగేసుకుని పోయేవాడు. దాన్ని ఎవరూ తప్పనుకోలేదు, పైగా సాయమనుకున్నారు. ఎందుకంటే అక్కడ ఆఫీసరు భర్త పేరు అడుగుతాడు. మా లైనులో ఆడది భర్త పేరు పలికితే ఆయన ఆయుష్షు తగ్గుతుందని గట్టి నమ్మకం. రేషన్ దుకాణంలో కూడా "మా పెద్దపొల్ల అయ్య" అని సరిపెట్టేవాళ్ళు, దుకాణంవాడు విసుక్కుంటే పక్కింటామెను పిలిచి ఆమె చేత చెప్పించేవాళ్ళు. ఓట్ల గదిలో పక్కింటామెను రానివ్వరు కదా! అందుకని మామ ఒక ఉపాయం కనిపెట్టాడు. పెళ్ళికాని పిల్లలకు చీరలు కట్టించి వాళ్ళ చేత వేయించేవాడు. పెళ్ళికాని పిల్ల ఏ మగాడి పేరైనా బెరుకు లేకుండా చెబుతుంది, అది తన మొగుడి పేరు కాదు కనుక. ఓటు ఏ గుర్తుకు పడేదో మామకు తెలుసు. లైనులో ఏ ఆడదీ అడిగేది కాదు.

నేను చెప్పే ఆ ఏటి ఎన్నికలకు పెద్దమ్మ చిట్టీ ఇవ్వనంది. "నా చిట్టీ నా కాడనే ఉంటది తమ్మీ, నా ఓటు నేనే ఏస్త" అంది. మామ నవ్వి ఊరుకున్నాడు. మర్నాడు ఆమెను సరిగ్గా పొద్దున బండి నింపే పనికి వేశాడు. ఆమె నాలుగింటికి వదిలించుకుని, ఇంటికైనా పోకుండా, నెత్తిన చుట్టకుదురుతో, ఒళ్ళంతా మసితో నేరుగా బడికి పోయింది. అక్కడ ఆమె ఓటు పడిపోయిందన్నారు. "ఎవలేసిన్రు?" "మీరే." "నేనైతే గీడ ఉన్న!" ఆఫీసరు పొమ్మన్నాడు. ఆమె గడప మీద కూర్చుంది. "నా ఓటు నాకిచ్చేదాక గీ గడప దిగ" అంది. వరుస ఆగిపోయింది. చివరికి ఆఫీసరు దిగొచ్చి, నువ్వు నువ్వేనని ఎలా నమ్మాలి, నీ పేరేమిటి, నీ భర్త పేరేమిటి అని అడిగాడు. వరుసంతా ఊపిరి బిగబట్టింది. ఆమె చెప్పింది. ఆయనకు సరిగా వినబడలేదు, మళ్ళీ చెప్పమన్నాడు. అప్పుడు లేచి నిలబడి, బడి అవతలికి వినబడేటట్టు, "లింగయ్య! లింగయ్య! లింగయ్య! మూడు మాట్ల చెప్పిన, ఇంక సాలా?" అని అరిచింది. మా లైనులో లింగయ్యలు నలుగురు. వాళ్ళలో ఇద్దరు వరుసలోనే ఉండి ఉలిక్కిపడ్డారట. ఆఫీసరు పుస్తకం తిరగేసి ఆమెకు కవరు ఓటు ఇచ్చాడు, చిట్టాలో వేలిముద్ర వేయించుకున్నాడు.

లైను లైనంతా నెలరోజులు నవ్వింది. ఆమెకు కవరు పెద్దమ్మ అని పేరు పడింది. ఓటు తనే పొద్దున వేసి మరిచిపోయిందని ఒకరు, రెండోది కూడా కొట్టేద్దామని నాటకమాడిందని ఒకరు. పాపం పెదనాయన వారంరోజులు చాయ్ దుకాణానికి పోలేదు. అయితే ఆయుష్షు మాత్రం తగ్గలేదు, ఆ తర్వాత పాతికేళ్ళు నిక్షేపంగా బతికాడు. పెద్దమ్మ నవ్వులు పట్టించుకోలేదు. నల్లా దగ్గర బిందెలు నిండేలోపు ఆడవాళ్ళ చేత మొగుళ్ళ పేర్లు పలికించడం మొదలుపెట్టింది. "చెప్పు, నోరు కాలదు" అనేది. ఒకామె కొంగు నోట్లో కుక్కుకునేది. ఒకామె సగం పేరు చెప్పి ఆకాశంకేసి దండం పెట్టేది. నవ్వీ నవ్వీ బిందెలు పొర్లిపోయేవి. మరుసటి ఎన్నికలకు మా లైను ఆడవాళ్ళు ఎవరి చిట్టీ వాళ్ళు పట్టుకుని, పొద్దున ఏడింటికే, మగవాళ్ళకంటే ముందు పోయి నిలబడ్డారు. మామ ఆ రోజంతా ఇంట్లోంచి బయటికి రాలేదు. ఆ ఎన్నికలకే నాకు ఇరవై ఒకటి నిండి ఓటొచ్చింది. పెద్దమ్మే మా ఇంటికొచ్చి నన్ను చెయ్యి పట్టి తీసుకుపోయింది. "నా ముంగట నిలవడు బిడ్డా, నువ్వు నా కండ్ల ముంగట ఉండాలె" అంది. ఎంత ప్రేమో అనుకున్నాను.

కథ ఇక్కడితో అయిపోతుంది, విన్నవాళ్ళు లింగయ్య దగ్గర నవ్వుతారు. ఈ అమ్మాయి నవ్వలేదు. చేతిలో కార్డు తిప్పుతూ, "ఆమె పేరేంది మేడం?" అని అడిగింది. నేను నోరు తెరిచాను, పేరు రాలేదు. మర్చిపోలేదు, నాకసలు తెలియదు! ఇరవై రెండేళ్ళు ఆమె గుమ్మంలో ఆడాను, ఆమె చేతి ముద్ద తిన్నాను. మూడుసార్లు అరిచిన మొగుడి పేరు నలభై తొమ్మిదేళ్ళుగా ఊరూరా చెబుతున్నాను. ఆ రోజు ఆఫీసరు ముందు ఆమె తన పేరు కూడా చెప్పింది కదా, అదేమిటని అడగాలని నాకెప్పుడూ తోచలేదు. "కనుక్కుని చెబుతాను" అన్నాను, హోంవర్కు చేయని పిల్లలా.

ఆ ఆదివారం ఘుగ్గుస్ బస్సెక్కాను. పెద్దమ్మ కూతురు, నాకంటే రెండేళ్ళు పెద్ద, అక్కడే ఉంటుంది. అంగన్‌వాడీలో చేసి మానేసింది. పెద్దమ్మ పోయినప్పుడు నేను కాన్పులో ఉన్న కూతురి దగ్గర నాగపూర్‌లో ఉన్నాను, రాలేకపోయాను. ఆ తర్వాత రేపు మాపంటూ పన్నెండేళ్ళు గడిచాయి. దారి పొడుగునా లారీలు, కిటికీ మూసినా నోట్లో ధూళి. మా లైను ఇప్పుడు లేదు, అక్క వాళ్ళు కొత్త బస్తీలో ఇల్లు కట్టుకున్నారు. నన్ను చూసి, "అబ్బ, మాస్టరమ్మకు తొవ్వ యాదికొచ్చిందా" అని ఎకసెక్కమాడి, చాయ్ పెట్టడానికి లోపలికి పోయింది. గోడకు పెద్దమ్మ ఫొటో ఉంది, ప్లాస్టిక్ దండ మీద దుమ్ము. ముసలితనంలో తీసిందే అయినా అదే చూపు. కింద మరాఠీలో పేరు రాయించారు. కళ్ళజోడు పెట్టుకుని చదివాను. ఓదెమ్మ లింగయ్య.

ఆ పేరు నాకు తెలుసు. ఒక్క మాటు పలికాను కూడా.

పదహారేళ్ళప్పుడు నేను కూడా ఓటు వేశాను. అప్పట్లో ఓటు వయసు ఇరవై ఒకటి. ఓట్ల రోజు పొద్దున్నే మామ వచ్చి, "ఒకామె ఊరికి పోయింది, ఇగ రాదు. ఓటు మురిగిపోతది, పొల్లను తోలు" అని అమ్మతో అన్నాడు. అమ్మ తన ఆకుపచ్చ చీర కట్టి, నడుము దగ్గర పిన్నీసులు గుచ్చి, తన మెట్టెలు వదులైతే దారం చుట్టి తొడిగింది. నాకు ఒకటే సంబరం. చీరలో పెద్దదాన్నయిపోయానని, నడకలో తేడా చూపించాలని తాపత్రయం. చిట్టీ లేకున్నా పేరు చెబితే చాలని మామ చెప్పించిన పేరు దారి పొడుగునా వల్లె వేసుకుంటూ పోయాను. ఓదెమ్మ, భర్త లింగయ్య, వయసు ముప్పై రెండు. ఓదెమ్మ, భర్త లింగయ్య. ఏ లింగయ్యో నాకేం తెలుసు, లైనులో నలుగురున్నారు! లోపల ఆఫీసరు తలెత్తి చూడనే లేదు. పదహారేళ్ళ పిల్ల ముప్పై రెండని చెబితే నమ్మాడంటే, కొంగు కప్పుకున్న ముఖం ఎవరిదైనా అతనికి ఒకటే. వేలికి సిరా పూశాడు. అప్పుడు తొమ్మిదైంది. నాలుగింటికి పెద్దమ్మ అదే గదికి వచ్చింది.

ఈ రెండూ ఒకే రోజు జరిగాయని నాకు ఎప్పుడూ తెలుసు. రెండూ గుర్తున్నాయి. అయినా ఆమె ఓటు ఎవరో దొంగ వేశాడని నవ్వుతూ చెప్పుకొచ్చాను తప్ప, ఆ ఎవరో నేనేమోనని ఒక్క క్షణం అనుకోలేదు. చదువుకున్నదాన్ని, ఇంకొకరి పిల్లలకు లెక్కలు నేర్పినదాన్ని, ఈ చిన్న కూడిక నాకు రాలేదు. కుర్చీ పట్టుకుని కూర్చున్నాను.

అక్క చాయ్ తెచ్చింది. నా ముఖం చూసి, "ఏమైంది, బీపీ గోలి ఏసుకోలేదా?" అంది. "అక్కా, ఆనాడు పెద్దమ్మ ఓటు..." అన్నాను. "నేనే ఏసిన అక్కా" అని ఎలాగో అన్నాను.

"ఎరుకే" అంది అక్క. చాయ్ కప్పు నా చేతికిచ్చి, తొణకకుండా చేయి వదిలింది.

"నీకెట్ల ఎరుక?"

"అమ్మ చెప్పింది. ఆ రోజు మాపటికి నల్లా కాడ నీ ఏలు సూసిందట. ఎవలి పేరు చెప్పినవ్ బిడ్డా అని అడిగిందట. నువ్వే సంబురంగ చెప్పినవట."

అప్పుడు గుర్తొచ్చింది. ఇన్నేళ్ళు ఎక్కడ దాక్కుందో ఆ సాయంత్రం మొత్తం కళ్ళ ముందుకొచ్చింది. చీర విప్పనని అమ్మతో పోట్లాడి, ఆ చీరతోనే నల్లా దగ్గరికి పోయాను, నలుగురికీ చూపించుకోవడానికి. పెద్దమ్మ నా వేలు పట్టుకుంది. నేను పాఠం అప్పజెప్పినట్టు మొత్తం చెప్పాను, పేరు, భర్త పేరు, వయసు. ఆమె బొటనవేలు నల్లగా ఉంది. బొగ్గు మసి అనుకున్నాను, వేలిముద్ర సిరా అని ఇప్పుడు తెలుస్తోంది. ఆమె కాసేపు నన్నే చూసింది. "సీర మంచిగున్నది. మీ అమ్మదా?" అని అడిగి, బిందె చంకకెత్తుకుని వెళ్ళిపోయింది.

"మరి నన్నేం అనలేదెందుకు? లైనంత నవ్వుతుంటే, అబద్ధాలాడుతుంది అంటుంటే, నా పేరు చెప్తే అయిపోయేది గద!"

"నేను గూడ గదే అన్న. కొట్లాడిన అమ్మతోని" అంది అక్క. "చెప్తె పోలీసోళ్ళు పొల్లను తీస్కపోతరు, సదువుకునే పొల్ల, రేపు మాస్టరమ్మ అయితది, నవ్వెటోళ్ళు నాలుగు దినాలు నవ్వుతరు తియ్యి అన్నది. నీకు ఓటొచ్చిన ఏడు నిన్ను ముంగట నిలవెట్టుకున్నది యాదికున్నదా? ఈసారి దాని ఓటు అదే ఎయ్యాలె, నా ఓటు నేనే ఎయ్యాలె అన్నది." అక్క ఆ మాట నవ్వుతూనే చెప్పింది. నాకు ఏడుపొచ్చింది, ఏడ్చాను. అరవై అయిదేళ్ళ మనిషిని, ఒకరింట్లో చాయ్ కప్పు పట్టుకుని వెక్కివెక్కి ఏడ్చాను.

కాసేపయ్యాక అడిగాను, ఆ కవరు ఓటు లెక్కకు రాదని పెద్దమ్మకు తెలుసా అని. "ఆఫీసరే చెప్పిండట. రాకుంటే రాకపాయె, నేనొచ్చిన అని కాయితం మీద ఉంటది గద అనేటిది. పేరైతే ఎవలన్న చెప్తరు, నా ఏలుముద్ర ఎవలేస్తరు అని" అంది అక్క. ఆ కవర్లనూ చిట్టాలనూ కొన్నాళ్ళుంచి నాశనం చేస్తారని నాకు తెలుసు. ఎన్నికల డ్యూటీలు చేసినదాన్ని. అక్కకు చెప్పలేదు. లేచి ఫొటో మీది దండ తీసి, దుమ్ము తుడిచి, మళ్ళీ వేశాను.

తిరిగొచ్చాక ఆ అమ్మాయి పనిచేసే బట్టల దుకాణం వెతుక్కుంటూ పోయాను. కార్డు మీద పేరు చూశాను కనుక దొరికింది. "ఆమె పేరు ఓదెమ్మ" అని చెప్పాను. ఈసారి కథంతా చెప్పాను, లింగయ్య దగ్గర ఆపకుండా, ఆకుపచ్చ చీరా, దారం చుట్టిన మెట్టెలూ, నల్లా దగ్గర సాయంత్రంతో సహా. ఆ అమ్మాయి ఓటు మొన్న దొంగిలించిన వాళ్ళెవరో ఇంకా తెలియదు. అందుకేనేమో, మడత పెడుతున్న చీర అలాగే పట్టుకుని నా ఎడమచేతి వేలికేసి చూసింది. మొన్నటి సిరా ఇంకా ఉంది. నేను చెయ్యి దాచుకోలేదు. పదహారేళ్ళప్పుడు పూసిన సిరా గోరుతోపాటు పెరిగి కొన్ని నెలల్లోనే కత్తిరింపుల్లో పోయింది. అది ఎవరి ఓటు సిరానో నాకు తెలియడానికి మాత్రం నలభై తొమ్మిదేళ్ళు పట్టింది.